నవ్వండి అనకముందు

ఆ ఊళ్ళో ఒకప్పుడు ఎవరింట పెళ్ళి జరిగినా, పెళ్ళికొడుకు రావడం కాస్త ఆలస్యమైతే సర్దుకునేవారు గాని, వీడియో బాబాయి రాకపోతే మాత్రం ఎవరూ కుర్చీల్లోంచి లేచేవారు కాదు. భుజం మీద చంటిపిల్లంత కెమెరా, నడుముకి బ్యాటరీల పట్టీ, మెడలో తువ్వాలు. అలా వచ్చి ఆయన గుమ్మంలో నిలబడగానే ముసలివాళ్ళు చొక్కా బొత్తాలు పెట్టుకునేవారు. అప్పటిదాకా పోట్లాడుకుంటున్న తోడికోడళ్ళు ఒకరి భుజం మీద ఒకరు చెయ్యి వేసుకునేవారు. "ఆఁ, అందరూ ఇటు! నవ్వండి!" అనేవాడు బాబాయి. ఆ కేకకి నవ్వనివాళ్ళు లేరు. పిల్లని సాగనంపేటప్పుడు తల్లి బావురుమంటే, "ఏడవండమ్మా, వద్దన్నదెవరు? కాకపోతే కాస్త ఇటు తిరిగి ఏడవండి," అనేవాడు. ఆవిడ ముక్కు తుడుచుకుని, ఇటు తిరిగి, మళ్ళీ మొదలుపెట్టేది.

ఆయన వెనకాల లైటు పట్టుకుని నిలబడేది ఆయన ఒక్కగానొక్క కూతురు, బుజ్జి. అసలు పేరు బళ్ళో పిలవడానికి తప్ప ఎందుకూ పనికొచ్చేది కాదు. ఆ లైటు మహా బరువు. చెయ్యి లాగి కాస్త వాలిస్తే వెలుగు పెళ్ళికొడుకు ముఖం మీంచి పొట్ట మీదికి జారేది. వెంటనే "బుజ్జీ, లైటూ!" అని అరుపు. ఇంటికొచ్చాక ముందుగదిలో రెండు టీవీల ముందు కూర్చుని బాబాయి ఆ పెళ్ళిని ముక్కలు కోసి అతికించేవాడు. ఆ ముందుగదే ఆయన దుకాణం. గులాబీ విచ్చుకునేది, అందులోంచి పెళ్ళికూతురు కళ్ళెత్తి చూసేది. హృదయం ఆకారంలో పెళ్ళికొడుకు గిర్రున తిరుగుతూ వచ్చి ఆమె పక్కన ఠక్కున ఆగేవాడు. లోకంలో ఇంతకంటే గొప్ప విద్య ఉంటుందని బుజ్జి ఎప్పుడూ అనుకోలేదు.

కాలేజీలో చేరాక అనుకుంది. ఒక మధ్యాహ్నం మాస్టారు కిటికీలు మూయించి ఒక సినిమా వేశాడు. అందులో ఒక పెద్దాయన చెప్పు కుడుతున్నాడు. మేకు పెదాల మధ్య పెట్టుకున్నాడు, తీశాడు, కొట్టాడు. ఇంకో మేకు పెట్టుకున్నాడు. పాట లేదు, వ్యాఖ్యానం లేదు. వెనక వరసలవాళ్ళు ఒక్కొక్కరే వంగి వంగి తలుపు దాటేశారు. బుజ్జికి మాత్రం ఒళ్ళు ఝల్లుమంది. ఆ పెద్దాయన్ని ఎవరూ ఇటు తిరగమనలేదు! ఎవరూ నవ్వమనలేదు! ఒక మనిషిని ఆయన మానాన ఆయన్ని వదిలేసి చూడొచ్చన్నమాట! ఆ సాయంత్రం కాళ్ళు నేల మీద ఆనకుండా ఇంటికొచ్చింది.

"నాన్నా, ఇవాళ ఒక సినిమా చూశాను. అందులో ఒకాయన చెప్పు కుడతాడు."

"తర్వాత?"

"తర్వాత రెండో చెప్పు కుడతాడు."

బాబాయి చేతిలో పని ఆపి, కూతురి నుదుటి మీద చెయ్యి వేసి చూశాడు. జ్వరం లేదు.

జ్వరం కాదు గాని, పట్టుకున్నది అలాంటిదే, వదల్లేదు. చదువుల మీద చదువులు చదివి బుజ్జి ఆ కాలేజీలోనే డాక్యుమెంటరీ పాఠాలు చెప్పే టీచరయింది, ఏళ్ళు గడిచాక ప్రొఫెసరమ్మ అయింది. ఏటా మొదటి రోజు క్లాసులో బోర్డు మీద మూడు మాటలు రాసేది. అడగొద్దు. ఆపొద్దు. నవ్వమనొద్దు. మూడోది రాసేటప్పుడు సుద్దముక్క విరిగేది. ఆమె గొంతు సన్నమే గాని, కెమెరా ముందు ఎవరినైనా "కొంచెం జరగండి" అన్న విద్యార్థి ఎవరైనా ఉంటే వాడు ఆ సెమిస్టరంతా ఆమె కంటపడకుండా గోడలకి అంటుకుని నడిచేవాడు.

తను కూడా సినిమాలు తీసింది, చిన్న చిన్నవి. గడియారాలు బాగుచేసే కొట్టు మీద ఒకటి. వానకోసం చూసే బస్టాపు మీద ఒకటి. చూడ్డానికి వచ్చినవాళ్ళతో ముందు వరస కూడా నిండేది కాదు, వాళ్ళలో ఒకరు హాలు కాపలాదారు. గడియారాల సినిమా అయిపోయి లైట్లు వెలిగాక ఆమె తల్లి, "బాగుందే. ఎప్పుడు మొదలవుద్ది?" అని అడిగింది.

ప్రొఫెసరమ్మకి దిగులేమీ లేదు. పెళ్ళి ఊసెత్తితే నవ్వి ఊరుకునేది. పాఠం చెప్పి, సినిమా తీసి, మళ్ళీ పాఠం చెప్పి, సాయంత్రం తల్లిదండ్రులతో కూర్చుని తిని, తండ్రితో వాదించి నిద్రపోయేది. బాబాయి దుకాణం అప్పటికి మూతపడింది. అందరి చేతుల్లోనూ ఫోన్లు వచ్చేశాయి, ఎవరి పెళ్ళి వాళ్ళే తీసుకుంటున్నారు. "వంకర టింకర తీస్తున్నారే, తలకాయలు లేవు," అని ఆయన బాధపడేవాడు. "బాగుంటాయి నాన్నా, సహజంగా ఉంటాయి," అని ఆమె ఉడికించేది.

ఇలా ఉండగా యూనివర్సిటీ ఆమెని ఒక పెద్ద సినిమా తీయమంది. ఆమె ఎంచుకున్న చోటు ప్రసూతి ఆస్పత్రిలో కాన్పుల గది బయట ఉండే హాలు. బల్లలు, గోడకి ఒక టీవీ, మూలన టీ మిషను, అటు చివర అద్దాల తలుపు. ఆ తలుపు తెరుచుకుని నర్సు ఒక పేరు పిలుస్తుంది. ఆ పిలుపు కోసం మనుషులు ఎలా ఎదురుచూస్తారో చూడాలి, అంతే. ఆస్పత్రి పెద్ద సిస్టరు ఈమెని ఎగాదిగా చూసి, "హాలు దాటి లోపలికి రాకూడదు. వద్దన్నవాళ్ళని తీయకూడదు. నా నడవలో వైర్లు పరిచారంటే నేనే కత్తిరిస్తా," అని ఒప్పుకుంది. ఆవిడ నవ్వగా ఆస్పత్రిలో ఎవరూ చూసి ఎరగరు.

అంతా సిద్ధమైంది. రేపు షూటింగనగా కెమెరామన్ మోటారుసైకిలు మీంచి పడి మణికట్టు విరగ్గొట్టుకున్నాడు. వేరేవాళ్ళు ఎవరూ దొరకలేదు. భోజనాల బల్ల దగ్గర ప్రొఫెసరమ్మ తల పట్టుకుని కూర్చుంటే, ఎదురుగా బాబాయి తువ్వాలు తీసి నెమ్మదిగా మెడలో వేసుకున్నాడు.

"వద్దు నాన్నా."

"నేనేమన్నానే?"

"అనబోతున్నావు."

"కెమెరా పట్టుకోవడం నాకు కాకపోతే ఈ ఊళ్ళో ఎవరికొచ్చు?"

"పట్టుకోవడం వచ్చు. ఊరుకోవడం రాదు."

బాబాయి ఛాతీ మీద చెయ్యి వేసుకున్నాడు. "నోరు విప్పితే ఒట్టు. గోడ అనుకో నన్ను."

తల్లి ఇద్దరినీ చూసి, "గోడేంటి, ఆయన నిద్రలో కూడా మాట్లాడతారు," అంది. కాని వేరే దారి లేదు.

మొదటి రోజు పొద్దున్న బాబాయి నిజంగానే గోడలా నిలబడ్డాడు. పక్కనే సౌండు పట్టుకునే అమ్మాయి ఉంది. ప్రొఫెసరమ్మ పాత శిష్యురాలు, చెవులకి పెద్ద పెద్ద హెడ్‌ఫోన్లు, చేతిలో పొడుగాటి కర్రకి బొచ్చు మైకు. ముగ్గురూ గోడవార నిలబడ్డారు. బల్లల మీద జనం కాళ్ళూపుతున్నారు. ఒకాయన టీ తాగుతున్నాడు. ఒక అవ్వ అల్లుతున్నది మానేసి మళ్ళీ అల్లుతోంది. ప్రొఫెసరమ్మకి లోపల పండగలా ఉంది. ఇదే కదా తను కలలు కన్నది! అంతలో అద్దాల తలుపు తెరుచుకుంది. నర్సు పేరు పిలిచింది. మూల బల్ల మీద ఉన్న కుటుంబం కుటుంబమంతా ఒక్కుమ్మడిగా లేచింది. పాప! తల్లీ బిడ్డా క్షేమం!

"ఆఁ, అందరూ ఇటు!" అన్నాడు గోడ.

ప్రొఫెసరమ్మ గిరుక్కున తిరిగింది.

"బామ్మగారూ, మీరు మధ్యకి రండి. పెద్దాయన్ని కూర్చోబెట్టండి. బాబూ, నువ్వే కదా తండ్రివి, అంత వెనకెక్కడో ఏంటయ్యా? కాస్త దగ్గరికి... ఇంకా... రెడీ! నవ్వండి!"

వాళ్ళు నవ్వారు, మనసారా నవ్వారు. పక్క బల్లవాళ్ళు కూడా నవ్వారు. ప్రొఫెసరమ్మ తండ్రిని మోచెయ్యి పట్టి టీ మిషను వెనక్కి ఈడ్చుకెళ్ళింది.

"ఒట్టేశావు నాన్నా!"

"ఏం చెయ్యమంటావే? వాళ్ళని చూశావా? అంత సంతోషంగా ఉన్నవాళ్ళని ఊరికే వదిలేస్తే పాపం కాదూ?"

"వదిలెయ్యడమే మన పని!"

"అదేం పనే తల్లీ!"

మధ్యాహ్నానికి ఆ కబురు హాలంతా పాకింది. వచ్చినవాళ్ళు వచ్చినట్టు, "వీడియో బాబాయి అట, ఆయనేనా? మా అక్క పెళ్ళి తీసింది మీరేనండీ," అని చుట్టూ మూగారు. కొత్తగా తండ్రయినవాళ్ళు తామే వచ్చి వరసలో నిలబడసాగారు. బాబాయి వాళ్ళని పొట్టి ముందు, పొడుగు వెనక సర్దాడు. కూతురు ఎదురుగా నిలబడి రెండు చేతులూ అడ్డంగా ఊపితే, "బుజ్జీ, నువ్వు అడ్డం తప్పుకో," అన్నాడు. మూడో రోజుకి పెద్ద సిస్టరు జుట్టు కొత్తగా దువ్వుకుని, పిన్నులు సర్దుకుని, ఏదో పని ఉన్నట్టు కెమెరా ముందునుంచి అటోసారి ఇటోసారి నడిచింది. ప్రొఫెసరమ్మ బతిమాలింది, కసురుకుంది, ఒక పూట మాట్లాడ్డం మానేసింది. బాబాయి ప్రతి పొద్దున్నా కొత్తగా ఒట్టు వేశాడు. మొదటి బిడ్డ ఏడుపు అద్దాల అవతలనుంచి వినబడేసరికి ఆ ఒట్టు కాస్తా గాలికి పోయేది.

ఆస్పత్రివాళ్ళు ఇచ్చిన రోజులు అయిపోయాయి. మళ్ళీ తీయడానికి లేదు.

ఎడిటింగ్ గదిలో కూర్చుని ప్రొఫెసరమ్మ తీసినదంతా చూడ్డం మొదలుపెట్టింది. నవ్వు. నవ్వు తర్వాత నవ్వు. భుజాల మీద చేతులు, పళ్ళన్నీ కనపడేలా. పెళ్ళికి పీటలొక్కటే తక్కువ. జీవితమంతా ఏది చేయొద్దని చెప్పిందో అది, తన పేరు మీద, తన సొంత తండ్రి గొంతుతో! మొహం చేతుల్లో దాచుకుని బల్ల మీద వాలిపోయింది.

వెనకనుంచి కిసుక్కుమన్న చప్పుడు. సౌండమ్మాయి హెడ్‌ఫోన్లు పెట్టుకుని తన భాగం వింటోంది. నవ్వాపుకోలేక భుజాలు ఎగిరెగిరి పడుతున్నాయి.

"నీకు నవ్వెలా వస్తోందే?" అంది ప్రొఫెసరమ్మ కోపంగా.

"మేడం, నవ్వండి అన్నాక కాదు, అనకముందు వినండి. ఒక్కసారి వెనక్కి తిప్పండి."

వెనక్కి తిప్పింది. బాబాయిది పాత కాలం చెయ్యి. ఆయన పెళ్ళిళ్ళు తీసే రోజుల్లో టేపు తిరగడం అందుకోవడానికి కాసేపు పట్టేది. అందుకని ముందే బటన్ నొక్కేసి, ఆ తర్వాతే మనుషుల్ని సర్దడం ఆయన అలవాటు. షాటు అయిపోయాక కూడా ముక్క తెగిపోతుందన్న భయంతో కాసేపు ఆపేవాడు కాదు. ఇప్పుడు టేపు లేదు, కెమెరా నొక్కితే క్షణంలో మొదలవుతుంది. అలవాటు మాత్రం పోలేదు. అందుచేత ప్రతి నవ్వుకీ ముందు ఒక తోక, వెనక ఒక తోక ఉన్నాయి. అక్కడ కెమెరా తమని చూస్తోందని ఎవరికీ తెలియదు.

ఒక కుర్రాడు అన్నం సంచీని రెండు చేతుల్లోకి తీసుకుని, బిడ్డ తలకి దన్ను ఇచ్చినట్టు మోచెయ్యి వంచి, మెల్లగా ఊపి చూసుకుంటున్నాడు. ఊపడం బాగా వచ్చిందనిపించిందేమో, సంచీకి ముద్దు పెట్టాడు. "రెడీ!" అన్న గొంతు వినబడేసరికి సంచీ వీపు వెనక దాచేశాడు.

ఇద్దరు వియ్యపురాళ్ళు. పొద్దుట్నుంచీ పలకరింపుల్లేవు, బల్లకి ఆ చివరొకరు, ఈ చివరొకరు. కబురు రాగానే ఇద్దరూ ఒకేసారి లేచి, ఒకేసారి పరిగెత్తి, తలుపు దగ్గర ఢీ కొని, కింద పడబోయి, ఒకరినొకరు పట్టుకుని, పట్టుకున్న చేతులు ఇక వదల్లేదు. "ముక్కు మావాడిదే అయుంటుంది." "ముందు చూడనివ్వండి వదినా!"

ఒక భారీ మనిషి. నర్సు, "ఇద్దరండీ," అంది. ఆయన సరేనని తలూపి, వెనక్కి కూర్చున్నాడు. అది బల్ల కాదు, ఎవరో ముసలాయన ఒడి. ఆ ముసలాయన కిక్కురుమనకుండా ఈయన వీపు నిమురుతూ, "పర్లేదు బాబూ, కాసేపు కూర్చో," అన్నాడు.

అల్లుకునే అవ్వ అటు తిరిగి, నోట్లో కట్టుడు పళ్ళు పెట్టుకుని, నాలుకతో సరిచూసుకుని, ఇటు తిరిగి నిలబడింది. "నవ్వండి!"

ప్రొఫెసరమ్మ అక్కడ ఆపింది. మళ్ళీ వెనక్కి తిప్పింది. మళ్ళీ చూసింది. ఒక్క ఉదుటున లేచేసరికి చక్రాల కుర్చీ దొర్లుకుంటూ వెళ్ళి గోడకి గుద్దుకుంది.

"సినిమా ఉంది! ఒసేయ్, సినిమా ఉందే!"

ఇద్దరూ చేతులు పట్టుకుని ఆ ఇరుకు గదిలో గుండ్రంగా తిరిగారు. తలుపు తీసిన ఆఫీసు ఆయన వాళ్ళని చూసి, ఏమీ అడక్కుండా తలుపు వేసేసి వెళ్ళిపోయాడు.

నవ్వు వచ్చేముందు ఆగిపోవాలి. అదే ఆమె పట్టుకున్న సూత్రం. ప్రతి ముక్కా "నవ్వండి" దగ్గర తెగాలి, ఆ తర్వాతది ఇక చూడక్కర్లేదు. అయితే ఒక చిక్కుంది, ఆ ముక్కల నిండా బాబాయి గొంతే. "బామ్మగారూ, గడ్డం ఎత్తండి." "బుజ్జీ, నీ నీడ పడుతోంది." అది తీసేస్తే మనుషులు ఎందుకు సర్దుకుంటున్నారో తెలియదు. ఉంచితే, సినిమా మొత్తం తన మూడు వద్దుల మీద బుల్‌డోజరు నడిపినట్టు ఉంటుంది. రెండు రోజులు అటూ ఇటూ ఊగి, ఉంచేసింది. ఉంచాక ప్రాణం ఎంత తేలికపడిందంటే, క్లాసులో పాఠం చెబుతూ చెబుతూ తనలో తనే నవ్వుకుని, ఎక్కడున్నానో మరిచిపోయి, ముందు బెంచీని అడగాల్సి వచ్చింది.

తెర మీద ఉన్న ప్రతి కుటుంబం ఇంటికీ వెళ్ళి ఆ ముక్క చూపించింది. వాళ్ళు సరేనంటేనే ఉంచాలని ఆమె నియమం. సంచీ కుర్రాడు ఎర్రబడ్డాడు, వాడి భార్య మాత్రం పొట్ట పట్టుకుని నవ్వి, "ఉంచండి మేడం, ఉంచి తీరాలి!" అంది. పళ్ళ అవ్వ కాసేపు ఆలోచించింది. "ఉంచుకోమ్మా. మరి పెట్టుకున్నాక నవ్వింది ఏదీ?" అని అడిగింది. అందరూ ఆఖరికి అదే అడిగారు. మేం నవ్వింది ఏదీ?

బాబాయి మాత్రం ముందుగా చూడనన్నాడు. "ఆ బుల్లి పెట్టెలో నాకొద్దు. సినిమా అన్నాక పెద్ద తెర మీదే చూస్తా." కూతురు హమ్మయ్య అనుకుంది, భయపడింది కూడా.

వేరే ఊళ్ళో పెద్ద ఫిలిం ఫెస్టివల్ జరుగుతోంది, సినిమాని పిలిచారు. సౌండమ్మాయితో కలిపి నలుగురూ రైలెక్కి వెళ్ళారు. బాబాయి కొత్త కోటు కుట్టించుకున్నాడు. హాలు కిక్కిరిసిపోయింది, అంత జనాన్ని ప్రొఫెసరమ్మ తన సినిమాకి ఎప్పుడూ చూడలేదు. లైట్లు ఆరాయి. అన్నం సంచీ ఊగింది. జనం గొల్లుమన్నారు.

"ఇదేంటే," అన్నాడు బాబాయి చీకట్లో, మెల్లగా ఉందని తను అనుకున్న గొంతుతో. "రెడీ అనకముందుది వేశావేంటి?"

"ష్, నాన్నా."

తెర మీద ఆయన గొంతు, "రెడీ! నవ్వం..." అని తెగిపోయింది.

"కోసేసింది! అసలు షాటు కోసేసిందే!"

రెండు వరసలు వెనక్కి తిరిగి చూశాయి. తెర మీద గొంతూ, పక్కన కుర్చీలోని గొంతూ ఒకటేనని అర్థమయ్యేసరికి హాలు ఇంకా పెద్దగా నవ్వింది. అక్కడనుంచి తెర మీద ఒక బాబాయి, కింద ఒక బాబాయి. తెర మీదాయన మనుషుల్ని సర్దుతుంటే, కిందాయన, "ఇప్పుడు చూడు, దీన్నీ కోస్తుంది," అంటున్నాడు. కోసింది. జనం కళ్ళ నీళ్ళు తుడుచుకున్నారు. తల్లి మాత్రం ఈసారి ఎప్పుడు మొదలవుద్దని అడగలేదు. భర్త నోటి మీద చెయ్యి వేసి, వంగి వంగి నవ్వుతోంది.

అయిపోయాక చప్పట్లు ఆగలేదు. ప్రొఫెసరమ్మని వేదిక ఎక్కించారు. జనం మాత్రం, సినిమాలో విన్న పేరు పట్టుకుని, "వీడియో బాబాయి! వీడియో బాబాయి!" అని పిలిచారు. బాబాయి వెళ్ళలేదు. వరండాలో వందమంది ఆయన చెయ్యి పట్టుకుని ఊపుతుంటే, కోపమూ సంతోషమూ రెండూ ఒకే మొహం మీద తోసుకుంటున్నాయి. ఏది ఉంచాలో ఆయనకే తెలియలేదు.

తిరుగు రైల్లో బాబాయి కిటికీ పక్కన కూర్చున్నాడు. కూతురు టీ తెచ్చి ఇచ్చింది. తీసుకున్నాడు గాని, తాగలేదు.

"నా పనంతా తీసి చెత్తబుట్టలో వేసి, నేను బటన్ ఆపడం మరిచిపోయినవన్నీ ఏరుకున్నావు," అన్నాడు చివరికి. గొంతులో కోపం లేదు, అదే ఆమెకి ఎక్కువ గుచ్చుకుంది.

"అవి నువ్వు తీసినవే నాన్నా. నేను మోయగలిగింది లైటు ఒక్కటే. ఈ జన్మలో నేను అంత బాగా తీయలేను."

బాబాయి కిటికీలోంచి చూశాడు. పొలాలు, స్తంభాలు, ఒక స్టేషను వెనక్కి పోయాయి.

"మరి ఆ నవ్వులన్నీ ఏం చేశావు?"

"ఉన్నాయి. ఒక్కటి కూడా పారెయ్యలేదు."

"నాకియ్యి."

మూతపడ్డ ముందుగది తలుపు మళ్ళీ తెరుచుకుంది. బాబాయి దుమ్ము దులిపి, సౌండమ్మాయిని పక్కన కూర్చోబెట్టుకుని కంప్యూటరు నేర్చుకున్నాడు. "గులాబీ ఎక్కడుందమ్మా ఇందులో? ఇది గులాబీయా? ఇది క్యాబేజీలా ఉంది!" అన్న కేకలు వంటింటిదాకా వినబడేవి. వారాల తరబడి కూతుర్ని ఆ గది గడప తొక్కనివ్వలేదు. తయారైన సినిమాకి 'చిరునవ్వుల హాలు' అని మెరిసే అక్షరాలతో పేరు పెట్టి, తిన్నగా పెద్ద సిస్టరు చేతిలో పెట్టాడు. ఆవిడ హాలులోని గోడ టీవీలో అది తప్ప ఇంకేదీ వేయకూడదని ఆర్డరు వేసింది.

ఒక ఆదివారం సౌండమ్మాయి ప్రొఫెసరమ్మని బలవంతాన అక్కడికి లాక్కెళ్ళింది. బల్లల నిండా కొత్త మనుషులు, గోళ్ళు కొరుక్కుంటూ, నడుస్తూ, కూర్చుంటూ. గోడ మీద గులాబీ విచ్చుకుంది. అందులోంచి పళ్ళ అవ్వ పళ్ళన్నీ పెట్టి నవ్వింది. వియ్యపురాళ్ళు హృదయంలో గిర్రున తిరిగారు. నక్షత్రాలు రాలాయి. పాట మోగింది. ప్రొఫెసరమ్మ కళ్ళు మూసుకుంది, ఒక కన్ను తెరిచింది. బల్ల మీద గోళ్ళు కొరుక్కునే ఒకాయన టీవీ వైపు చూస్తూ, తనకి తెలియకుండానే నవ్వుతున్నాడు. పక్కాయన కూడా. ఆ నవ్వు బల్ల పొడుగునా సాగిపోతోంది.

అప్పుడు తెర మీద కవలల తండ్రి వచ్చాడు. ఆయన చుట్టూ చేరినవాళ్ళ వెనక ఒక మనిషి గెంతుతోంది. రెండు చేతులూ పైకెత్తి, చిన్నపిల్లలా, జుట్టు విడిపోయి. గెంతి గెంతి ఆ అల్లుకునే అవ్వని పట్టుకుని గిరగిరా తిప్పింది. అవ్వ ఆమె బుగ్గలు పుణికింది. బాబాయి ఆ ముక్కని అన్నిటికంటే పెద్ద హృదయంలో పెట్టి, నెమ్మదిగా నడిపించాడు.

"అదెవరు?" అంది ప్రొఫెసరమ్మ.

"మీరే మేడం."

"నేను గోడవార నిలబడ్డాను. చేతులు కట్టుకుని. నాకు గుర్తుంది."

"మీరు గెంతిన గెంతుకి ఆ రోజు నా మైకు కర్ర ఊగిపోయింది. మీకు చెబుదామంటే, మీరు అప్పటికే అంకుల్‌ని తిట్టడానికి వెళ్ళిపోయారు."

ప్రొఫెసరమ్మ ఆ బల్ల మీద కూర్చుండిపోయింది. సినిమా అయిపోయి మళ్ళీ మొదటినుంచి మొదలైంది. తన వంతు వచ్చేదాకా లేవలేదు. మళ్ళీ గెంతింది చూసి, చుట్టూ ఉన్నవాళ్ళు తిరిగి చూసేంత గట్టిగా నవ్వింది. ఇంటికెళ్ళి తండ్రి పక్కన కూర్చుని కంచం ముందుకి లాక్కుంది. చారు వడ్డిస్తుంటే ఆయన గిన్నెలోకి చూస్తూ, "గులాబీ కొంచెం పెద్దదైంది," అన్నాడు.

"సరిగ్గానే ఉంది నాన్నా," అంది.

ఆ ఏడాది మొదటి క్లాసులో ఆమె రెండు సినిమాలూ ఒకదాని తర్వాత ఒకటి వేసింది. ఏది నిజం అని అడిగింది. అంతే, క్లాసు రెండుగా చీలిపోయింది. కొందరు బెంచీలెక్కారు. గంట కొట్టాక కూడా మెట్ల మీద, క్యాంటీన్లో, బస్టాపులో వాదన సాగింది. బోర్డు మీద ఆమె రెండు వద్దులే రాసింది. మూడోదానికి చోటు ఖాళీగా వదిలి, "దీని సంగతి నాకింకా తేలలేదు," అంది. సినిమా వల్ల ఆమె అసలు పేరు కాలేజీలో కూడా పోయింది. అటెండరు దగ్గర్నుంచి వైస్‌ఛాన్సలరు దాకా అందరికీ ఇప్పుడు ఆమె బుజ్జి మేడమే. డిపార్ట్‌మెంటుకి హెడ్డుని చేసిన రోజు తలుపు మీద పేరు పలక రాసే ఆయన వచ్చి, "ఏం రాయమంటారు, బుజ్జి అనా?" అని సీరియస్‌గా అడిగాడు.

రెండో పెద్ద సినిమా ఎక్కడ తీయాలా అని తండ్రీ కూతుళ్ళు బల్ల దగ్గర కొట్టుకుంటుంటే, తల్లి గరిటె కింద పెట్టింది.

"మీ ఇద్దరి సినిమాల్లోనూ నేను లేను. ఎల్లుండినుంచి నేను డ్రైవింగు నేర్చుకుంటున్నా. సినిమా తీసుకుంటే తీసుకోండి, లేకపోతే మానెయ్యండి."

ఇప్పుడు ఊరి చివర ఖాళీ మైదానంలో, చిన్న ఎర్ర కారులో, స్టీరింగు వెనక ఆవిడ, పక్కన డ్రైవింగు మాస్టారు. వెనక సీట్లో కెమెరాతో బాబాయి, మధ్యలో నలిగిపోతూ ప్రొఫెసరమ్మ, కిటికీలోంచి మైకు బయటికి పెట్టి సౌండమ్మాయి. మాస్టారు క్లచ్చు గురించి చెబుతున్నాడు. బాబాయి, "ఏమోయ్, ఒక్కసారి ఇటు తిరుగు," అన్నాడు.

"తిరగొద్దమ్మా! ముందుకి చూడు!" అని అరిచింది కూతురు.

"ఎవరి మాట వినమంటారే?" అంటూ ఆవిడ ఏదో నొక్కింది. కారు కప్పలా ఒక గెంతు గెంతి, మైదానం మధ్యకి దూసుకుపోయింది. మాస్టారు డాష్‌బోర్డు పట్టుకున్నాడు. సౌండమ్మాయి రికార్డరులో శబ్దం కొలిచే ముల్లు ఎర్రగీత దాటింది. అయిదుగురూ ఒకటే కేకలు, ఆ కేకల్లో అందరికంటే పెద్దగా నవ్వుతున్నది తల్లి.

"ఆపకు! ఆపకు!" అంటోంది ప్రొఫెసరమ్మ. అమ్మతోనో కెమెరాతోనో ఆమెకే తెలియదు.